‘తెన్షి నో తమాగో’ (1985): ఆ గుడ్డులో ఏముంది? చూసినవాళ్లు రండి

రాత్రివాన | శుక్రవారం, రాత్రి 12:48

ఇప్పుడే చూడటం అయింది. నిద్ర రావడం లేదు, అందుకే రాస్తున్నాను. కథంతా బయటపడుతుంది, చూడనివాళ్లు ముందు చూసి రండి.

1985 డిసెంబరులో జపాన్‌లో వచ్చిన యానిమేషన్ వీడియో ఇది. పేరుకి ‘దేవదూత గుడ్డు’ అని అర్థం. దర్శకుడు మమోరు ఓషీ, బొమ్మల రూపకల్పన యోషితాకా అమానో. నిడివి 71 నిమిషాలు. మాటలు చాలా తక్కువ.

మనుషులు లేని ఒక పాత ఊరు. తెల్ల జుట్టు చిన్నపిల్ల ఒక పెద్ద గుడ్డుని గౌను కింద పొట్టకి ఆనించుకుని తిరుగుతుంటుంది. గుండ్రటి గాజు బుడ్లలో నీళ్లు పట్టి తెచ్చి వరసగా దాచుకుంటుంది. భుజాన శిలువలాంటి ఆయుధం మోసుకుంటూ ఒక యువకుడు వస్తాడు. ఇద్దరూ కలిసి నడుస్తారు. ఆ పిల్ల నిద్రపోయాక అతను గుడ్డు పగలగొట్టేస్తాడు. పొద్దున్న ఆ పిల్ల పెంకులు చూసి అరిచే అరుపు ఇంకా చెవుల్లోంచి పోలేదు.

నా ప్రశ్న ఒక్కటే. గుడ్డులో ఏమైనా ఉందా, లేదా? దర్శకుడు పెంకులు చూపిస్తాడు గానీ లోపల ఏముందో చూపించడు. మీకేమనిపించింది?

సెల్‌గీత | శుక్రవారం, రాత్రి 1:15

ఈ వీడియో గురించి తెలుగులో మాట్లాడేవాళ్లు దొరుకుతారని అనుకోలేదు. నేను హైదరాబాద్‌లో యానిమేషన్ పనిలోనే ఉన్నాను. మీ ప్రశ్నకి జవాబు నా దగ్గర లేదు, పనితనం గురించి మాత్రం చెప్పగలను.

అమానో గీత సిరా బొమ్మలాంటిది. ఒకచోట వెంట్రుకంత సన్నం, పక్కనే మందం, మధ్యలో తెగిపోతుంది కూడా. కాగితం మీద అందంగా ఉంటుంది. కదిలించాలంటే ప్రాణం పోతుంది. అప్పట్లో పారదర్శకమైన సెల్ షీటు మీద గీత ఎక్కించి, వెనక నుంచి రంగు వేసి, రంగులద్దిన నేపథ్యం మీద పెట్టి ఒక్కొక్క ఫ్రేమూ ఫొటో తీసేవాళ్లు. టీవీ సీరియళ్లలో ఖర్చు తగ్గించడానికి సెకనుకి ఎనిమిది బొమ్మలతో సరిపెట్టేవాళ్లు. గీత ఎంత సాదాగా ఉంటే పని అంత తేలిక. ఇక్కడ ఆ పిల్ల జుట్టు చూడండి. గాలికి విడివిడి పాయలుగా లేస్తుంది, ఏ పాయకాపాయ బరువు వేరు. యానిమేషన్ దర్శకుడు యసుహిరో నకురా ఆ గీత చెడకుండా కదిలించాడు.

నేపథ్యాలు షిచిరో కొబయాషివి. ఊరంతా తడిసిన రాయి. వాన పడని షాట్‌లో కూడా గోడలకి చెమ్మ కనిపిస్తుంది. చీకటి అంటే ఒట్టి నలుపు పూసేయలేదు, నీలం, బూడిద, ఆకుపచ్చ పొరలు పొరలుగా ఉంటాయి. తక్కువ నాణ్యత కాపీలో చూస్తే ఇదంతా ఒకే మసిగా కలిసిపోతుంది. 2025లో ఓషీ దగ్గరుండి 4కె లో బాగు చేయించిన ప్రింట్ వచ్చింది, కాన్ చిత్రోత్సవంలో కూడా వేశారు. వీలైతే అది చూడండి.

పల్నాటి_పవన్ | శుక్రవారం, ఉదయం 7:30

నాకు నచ్చలేదు, కారణం చెప్తాను. నేను సగంలో ఆపేసి, మర్నాడు మిగతాది చూశాను. నడుస్తారు, నిలబడతారు, నీళ్లు చూస్తారు. మంట పక్కన అతను కూర్చుని, ఆ పిల్ల పడుకుని ఉండే షాట్ ఒకటుంది. నిమిషం దాటినా ఏదీ కదలదు. నా వీడియో ఆగిపోయిందేమోనని మౌస్ కదిపి చూశాను. బొమ్మలు గొప్పగా ఉన్నాయి, ఒప్పుకుంటాను. కానీ చూసేవాడికి పట్టుకోవడానికి ఏదో ఒకటి ఇవ్వాలి కదా. అర్థం అంతా మనమే వేసుకోవాలంటే దర్శకుడి పని మనం చేస్తున్నట్టే.

శ్రుతిపెట్టె | శుక్రవారం, ఉదయం 8:05

పవన్ గారూ, ఆ షాట్ మళ్లీ ఒక్కసారి హెడ్‌ఫోన్స్ పెట్టుకుని చూడండి. బొమ్మ కదలదు, నిజమే. శబ్దం కదులుతుంది. మంట చిటపటలు, బయట వాన. ఆ చిటపటలు తగ్గుతూ వస్తాయి. నేను ఊపిరి బిగపట్టి కూర్చున్నాను, ఎందుకంటే అతను లేస్తాడని మనకి తెలుసు. లేవకుండా ఉంటే బాగుండని మనసులో అనుకుంటూనే చూస్తాం. అక్కడ కోత పెట్టి ఉంటే ఆ టెన్షన్ వచ్చేది కాదు.

యోషిహిరో కన్నో సంగీతం గురించి కూడా రెండు మాటలు. కోరస్ గొంతులు, తీగ వాద్యాలు, పియానో. పెద్ద కన్నులాంటి గోళం ఆకాశంలోంచి దిగేటప్పుడు కోరస్ ఒక్కసారిగా పైకి లేస్తుంది. కానీ ఆ పిల్ల ఒక్కతే తిరిగేటప్పుడు చాలాచోట్ల సంగీతమే లేదు. అడుగుల చప్పుడు, గాజు చప్పుడు, నీటి చప్పుడు. ఖాళీ ఇంట్లో చిన్నపిల్ల ఒంటరిగా ఆడుకుంటుంటే పక్క గదిలోంచి ఎలా వినిపిస్తుందో అలా ఉంటుంది.

ఓడరేవు | శుక్రవారం, మధ్యాహ్నం 1:40

మాది మచిలీపట్నం. ఆదివారం బడిలో బైబిల్లోని ఆదికాండము చదువుకుంటూ పెరిగినవాణ్ని. అందుకేనేమో, అతను కథ చెప్పే ఘట్టం దగ్గర నాకు ఒళ్లు జలదరించింది.

తెలియనివాళ్ల కోసం చెప్తాను. నలభై పగళ్లు, నలభై రాత్రులు వాన. నోవహు ఓడలో ఉంటాడు. నీళ్లు తగ్గాయో లేదో చూడటానికి ముందు కాకిని, తర్వాత పావురాన్ని వదులుతాడు. పావురం కాలు మోపే చోటు దొరక్క తిరిగి వస్తుంది. ఏడు రోజులాగి మళ్లీ వదిలితే ఓలీవ ఆకు ముక్కున పట్టుకొస్తుంది. మూడోసారి వదిలితే తిరిగి రాదు. అంటే నేల ఆరింది, దానికి ఉండే చోటు దొరికింది. రాకపోవడమే అక్కడ శుభవార్త.

ఈ వీడియోలో యువకుడు అదే కథ చెప్తూ ఒకచోట తిప్పేస్తాడు. పక్షి తిరిగి రాలేదు, ఎదురుచూసిన జనం చివరికి పక్షిని వదిలామన్న సంగతే మర్చిపోయారు అంటాడు. అసలు పక్షి అనేదే లేదేమో, మనమంతా ఎవరో పోయినవాళ్ల జ్ఞాపకంలో ఉన్నామేమో అనే దాకా వెళ్తాడు. అదే పక్షి, అదే రాకపోవడం. మా ఆదివారం బడిలో విన్నప్పుడు అందరం చప్పట్లు కొట్టేవాళ్లం. ఇక్కడ గుండె జారిపోయింది.

చివరి షాట్ గుర్తుందా? కెమెరా పైకి పైకి వెళ్తుంది. మనం ఇంతసేపూ ఊరు, నేల అనుకున్నది నల్లటి నీళ్లలో బోర్లాపడిన ఓడ అడుగులా కనిపిస్తుంది. అంటే వాళ్లు ఓడ దిగనే లేదు.

రాత్రివాన గారి ప్రశ్నకి నా జవాబు: గుడ్డు ఖాళీ. పక్షి రాదు. కానీ నమ్మిన పిల్లే సరైనది.

రాత్రివాన | శుక్రవారం, సాయంత్రం 6:10

ఓడరేవు గారూ, ఆఖరి షాట్ నాకు ద్వీపంలా అనిపించింది. మీరు చెప్పాక మళ్లీ చూశాను. ఓడ అడుగే.

ఒసాకా_నుంచి | శుక్రవారం, రాత్రి 9:20

ఇక్కడ పదకొండేళ్లుగా ఉంటున్నాను, భాష వైపు నుంచి కొంచెం చెప్తాను. ‘తెన్షి’ అనే మాటని రెండు అక్షరాలతో రాస్తారు, ఒకటి ఆకాశం, ఇంకొకటి దూత. ‘తమాగో’ అంటే మామూలుగా మనం కూరల కొట్లో అడిగే గుడ్డే. అంత ఎత్తున ఉన్న మాటని, ఇంత ఇంటి మాటని పక్కపక్కన పెట్టాడు.

ఇద్దరికీ పేర్లు లేవు. ఆ పిల్ల అతన్ని ‘అనతా’ అని అడుగుతుంది, ‘నువ్వెవరు’ అని. ‘అనతా’లో కొంచెం మర్యాద ఉంది. అతను ఆ పిల్లని ‘కిమి’ అంటాడు, అది చిన్నవాళ్లతో, దగ్గరివాళ్లతో వాడే మాట. తెలుగులో సబ్‌టైటిల్స్ రాయాలంటే నేను చాలా ఆలోచించాలి. ఆ పిల్ల ‘మీరెవరు’ అంటే మరీ బడిపిల్లలా అయిపోతుంది. ‘నువ్వెవరు’ అంటే ఆ దూరం పోతుంది. మీరైతే ఏం రాస్తారు?

ఇంకో సంగతి. ఇది సినిమా హాళ్ల కోసం తీసినది కాదు, టీవీకీ కాదు. నేరుగా వీడియో క్యాసెట్‌గా అమ్మడానికి తీసేవాటిని ఓవీఏ అనేవాళ్లు. 1983 చివర్లో వచ్చిన ‘దల్లోస్’తో అది మొదలైంది, దానికీ దర్శకుడు ఓషీనే. టీవీ రేటింగులు అక్కర్లేదు, పిల్లల బొమ్మలు అమ్మే కంపెనీల మాట వినక్కర్లేదు. తోకుమా షోతెన్ అనే ప్రచురణ సంస్థ డబ్బు పెట్టింది, స్టూడియో దీన్ తీసింది. ఆ వెసులుబాటు లేకపోతే ఇలాంటిది పుట్టేదే కాదు. చూసినవాళ్లు తక్కువ, ఓషీకి కూడా కొంతకాలం పెద్ద అవకాశాలు రాలేదు. పదేళ్ల తర్వాత ‘ఘోస్ట్ ఇన్ ద షెల్’ అనే సినిమాతో ప్రపంచమంతా పేరొచ్చింది.

సెల్‌గీత | శుక్రవారం, రాత్రి 10:02

అన్నా, నేనైతే ‘ఎవరు నువ్వు?’ అని రాస్తాను. మాట ముందుకి తెస్తే కాస్త దూరం మిగులుతుంది.

ఇంకొకటి బాధగా చెప్పాలి. 1988లో అమెరికాలో ఇందులోని దృశ్యాలు కోసి, మనుషులతో తీసిన భాగాలు కలిపి, ‘ఇన్ ది ఆఫ్టర్‌మాత్’ అని వేరే సినిమా చేశారు. నోరు విప్పని చోటల్లా ఆ పిల్లకి మాటలు పెట్టారు. పవన్ గారు అడిగినట్టు పట్టుకోవడానికి ఏదో ఒకటి ఇచ్చారన్నమాట. అది చూస్తే మౌనం ఇందులో ఎంత పని చేస్తోందో తెలుస్తుంది.

పల్నాటి_పవన్ | శుక్రవారం, రాత్రి 11:30

శ్రుతిపెట్టె గారు చెప్పినట్టు హెడ్‌ఫోన్స్‌తో చూశాను. మంట షాట్ విషయంలో నేను పొరబడ్డాను. మిగతా అభిప్రాయం మారలేదు గానీ, ఆ షాట్ మాత్రం మనసులోంచి పోవట్లేదు.

జాలర్ల ఘట్టం సంగతేంటి? దానికి ఓడకీ పావురానికీ ఏం సంబంధం?

ఓడరేవు | శనివారం, ఉదయం 6:50

ఆ ఘట్టం గురించి రాయాలనే పొద్దున్నే కూర్చున్నాను.

వీధుల పొడవునా బల్లేలు పట్టుకుని జాలర్ల విగ్రహాలు ఉంటాయి. రాత్రి గోడల మీద పెద్ద పెద్ద చేపల నీడలు ఈదుకుంటూ పోతాయి. చేపలు లేవు, నీడలే. విగ్రహాలు కదిలి, పరుగెత్తి బల్లేలు విసురుతాయి. గోడల్లో గుచ్చుకుంటాయి, కిటికీ అద్దాలు పగులుతాయి. నీడలు మాత్రం మేడల మీదుగా మెల్లగా సాగిపోతుంటాయి. చేపలు ఎక్కడా లేకపోయినా వీళ్లు వేటాడుతూనే ఉంటారని ఆ పిల్ల అంటుంది.

మా ఇంట్లో అందరూ సముద్రం మీద బతికినవాళ్లే. 1977 నవంబరు ఉప్పెన తర్వాత మా తాత వేటకి వెళ్లలేదు. కానీ రోజూ తెల్లవారుజామునే లేచి వల బాగుచేసేవాడట. చిరుగు లేకపోయినా ముడులు విప్పి మళ్లీ వేసేవాడని మా నాన్న చెప్తారు. ఆ జాలర్లని చూస్తే నాకు వెర్రితనం కనిపించలేదు. చేతికి తెలిసిన పని ఒక్కటే మిగిలినప్పుడు మనిషి అదే చేస్తాడు.

ఆ నీడలు సీలకాంత్ అనే చేప ఆకారంలో ఉన్నాయి. కండపట్టిన రెక్కలు, మొద్దుగా ఉండే తోక. డైనోసార్లతో పాటు సుమారు 6.6 కోట్ల ఏళ్ల కిందటే అంతరించిపోయిందనుకున్న చేప అది. 1938లో దక్షిణాఫ్రికా తీరంలో ఒకటి వలలో పడింది. పోయిందనుకున్నది పోలేదు. చేపల్లో దాన్నే ఎంచుకుని నీడగా గీశారంటే, యువకుడి మాటలు విని అంతా పోయిందని మనం నమ్మేయకూడదని నాకనిపిస్తోంది. నిన్న గుడ్డు ఖాళీ అన్నాను. ఇవాళ అంత గట్టిగా అనలేను.

నిద్రగన్నేరు | శనివారం, ఉదయం 11:15

ఇన్నాళ్లూ చదివి వెళ్లిపోయేదాన్ని, ఈ చర్చ కోసం ఖాతా తెరిచాను.

అందరూ గుడ్డుని నమ్మకం, విశ్వాసం అని మాట్లాడుతున్నారు. నాకు ముందు కనిపించింది గుడ్డే. మా అమ్మమ్మ తణుకు దగ్గర పల్లెలో కోళ్లు పెంచేది. నేను సెలవులన్నీ అక్కడే గడిపాను.

కోడిని పొదగేసే రోజు బుట్టలో ఊక పోసి, గడ్డి పరిచి, పదో పన్నెండో గుడ్లు పెట్టేది. ఇరవై ఒక్క రోజులు. కోడి మేతకి, నీళ్లకి లేచేది గానీ వెంటనే వెనక్కి వచ్చేసేది. దగ్గరికి పోతే ఈకలు నిక్కబొడుచుకుని గుర్రుమనేది. ఆ పిల్ల గౌను కింద గుడ్డు పెట్టుకుని రెండు చేతులూ అడ్డం పెట్టి నడిచే తీరు చూడండి. మెడ వంచి, అడుగు చూసుకుని, పక్కకి ఒత్తిగిలి. అది పొదిగే కోడి నడకే. చాలామంది గర్భిణిలా ఉందంటారు, అదీ నిజమే.

ఏడెనిమిది రోజులయ్యాక అమ్మమ్మ రాత్రిపూట లాంతరు ముందు కూర్చునేది. ఒక్కో గుడ్డునీ రెండు వేళ్ల మధ్య పట్టుకుని, అరచెయ్యి అడ్డం పెట్టి వెలుతురుకి ఎత్తేది. లోపల ఎర్రటి సన్నటి నరాలు, మధ్యలో చిన్న నల్లచుక్క. ఆ చుక్క కదిలేది. ‘ఉంది’ అని మెల్లగా అని మళ్లీ బుట్టలో పెట్టేది. కొన్నిట్లో ఏమీ కనిపించేది కాదు, అవి మురిగిపోయినవి. వాటిని తీసేసేది. ఒకసారి నేను అడిగాను, కోడికి తెలియదా అని. ‘దానికెందుకే తెలియడం, దాని పని వెచ్చగా ఉంచడం’ అంది.

ఈ వీడియో మొదట్లోనే పలచటి పెంకులోంచి లోపల ముడుచుకున్న పక్షిపిల్ల కనిపిస్తుంది. నాకు లాంతరు గుర్తొచ్చింది. పగలగొట్టకుండా చూడొచ్చని దర్శకుడు మనకి ముందే చూపించేశాడు. అందుకే ఆ యువకుడు, గుడ్డు పగలగొడితే గానీ లోపల ఏముందో తెలియదన్నప్పుడు నాకు చాలా కోపం వచ్చింది.

రాత్రివాన | శనివారం, మధ్యాహ్నం 12:30

అక్కా, నేను రెండు రోజులుగా తప్పు ప్రశ్న అడుగుతున్నానని ఇప్పుడు తెలిసింది. నేను కూడా అతనిలాగే అడిగాను.

ఒసాకా_నుంచి | శనివారం, మధ్యాహ్నం 3:45

గన్నేరు గారూ, మీరు రాసింది మా ఆవిడకి చదివి వినిపించాను. ఆవిడ ఒక సందేహం అడిగింది. మరి చివర్లో ఆ పిల్ల నీళ్లలో పడిపోయినప్పుడు, ఆఖరి ఊపిరి బుడగలుగా పైకి వచ్చి అన్నీ గుడ్లవుతాయి కదా, దాన్నెలా చూడాలి అని. పగిలింది ఒకటే, పుట్టినవి లెక్కలేనన్ని.

నిద్రగన్నేరు | శనివారం, సాయంత్రం 5:20

పడే ముందు నీళ్లలో ఆ పిల్ల నీడ పెద్ద ఆడమనిషిలా కనిపిస్తుంది, గమనించారా? రెండు ముఖాలూ కలుస్తాయి. నాకు అక్కడ ఏడుపు వచ్చింది, ఎందుకో మాటల్లో చెప్పలేను. తర్వాత దేవతలు, మహాత్ముల విగ్రహాలున్న ఆ గోళం మీద ఆ పిల్ల కూడా రాతి బొమ్మగా, ఒళ్లో గుడ్డుతో కూర్చుని ఉంటుంది. ఆ యువకుడు ఈకలు రాలిన ఒడ్డున నిలబడి పైకి చూస్తాడు. శిక్ష ఎవరికి పడిందో నాకైతే తేలలేదు.

శ్రుతిపెట్టె | శనివారం, సాయంత్రం 6:00

ఆ ఈకలు ఎక్కడివి?

ఓడరేవు | శనివారం, సాయంత్రం 6:04

అదే నేనూ ఆలోచిస్తున్నాను. ఒకటి రెండు కాదు, ఒడ్డంతా ఈకలే. పక్షి లేకపోతే ఈకలు రావు.

నిద్రగన్నేరు | ఆదివారం, రాత్రి 8:40

అమ్మమ్మ ఇప్పుడు మా అమ్మ దగ్గర ఉంటోంది, ఎనభై రెండేళ్లు. ఈవేళ వెళ్లినప్పుడు నా ఫోన్లో ఆ మంట ఘట్టం నుంచి పెట్టి చూపించాను. భాష తెలియదు, చెప్పాల్సిన అవసరం కూడా రాలేదు. ‘పిల్ల నిద్రపోతోంది, పాపం’ అంది. అతను లేచి గుడ్డు తీసినప్పుడు నా చెయ్యి పట్టుకుంది. పగలగొట్టాక చాలాసేపు మాట్లాడలేదు.

తర్వాత అడిగింది, ‘అంత మంట ముందు పెట్టుకుని కూర్చున్నాడు కదే, ఎత్తి చూడకపోయాడా?’ అని.

రాత్రివాన | ఆదివారం, రాత్రి 11:55

ఆ షాట్ మళ్లీ పెట్టాను. మంట అతని ఎదురుగానే ఉంది. గుడ్డు ఆ పిల్ల దగ్గర, నాలుగడుగుల దూరం కూడా లేదు. నేను ఇన్నిసార్లు చూసి అతను ఎప్పుడు లేస్తాడా అనే చూశాను. ఈసారి మంటని చూశాను. మెల్లగా తగ్గుతుంది. గది చీకటి పడుతూ వస్తుంది. అతను అప్పటిదాకా కూర్చునే ఉంటాడు.